సుత్తి లేచాక వినిపించే మోత

సినిమా చూసి వచ్చినవాళ్ళని మ్యూజిక్ ఎలా ఉందని అడిగితే పాటల సంగతే చెబుతారు. ఒక పాట బాగుందంటారు, ఇంకో పాట అతకలేదంటారు. రెండున్నర గంటల సినిమాలో పాటలన్నీ కలిపినా అరగంట దాటడం అరుదు. మిగతా రెండు గంటలూ మన చెవిని వెంటబెట్టుకుని నడిపించినవాడి మాట ఎవరూ ఎత్తరు. తలుపు ఇంకా తెరుచుకోలేదు, మనకి గుండె దడ మొదలైంది. తండ్రి కొడుకుని కొట్టి గదిలోకి వెళ్ళిపోయాడు. తప్పెవరిదో తెర మీద ఎవరూ చెప్పలేదు, అయినా మనం ఒకరి పక్షాన చేరిపోయాం. అలా చేర్చినవాడు సంగీత దర్శకుడు. ఏ వాద్యం మోగిందో, అసలు ఏదైనా మోగిందో లేదో కూడా మనకి గుర్తుండదు.

సినిమావాళ్ళు ఈ పనిని రీ-రికార్డింగ్ అంటారు, పొట్టిగా ఆర్.ఆర్. పత్రికలు నేపథ్య సంగీతం అని రాస్తాయి, కుర్రాళ్ళు బీజీఎం అంటారు. పాట సంగీత దర్శకుడికి పేరు తెస్తుంది. అతని చెవి ఎంతటిదో తేల్చేది మాత్రం ఆర్.ఆర్. సినిమాకి సంగీతం చెయ్యడమంటే ముందు వినడం, ఆ తర్వాతే వాయించడం. ఈ మాట నేను సంగీతశాస్త్రం చదువుకుని చెప్పడం లేదు. విశాఖపట్నం మల్కాపురంలో పుట్టి పెరిగినవాడిగా చెబుతున్నాను.

2023 మార్చిలో ‘ఆర్.ఆర్.ఆర్.’లోని పాటకి కీరవాణి, చంద్రబోస్ ఆస్కార్ అందుకున్న రోజున మా సింధియా రోడ్డు టీకొట్ల దగ్గర కూడా అదే కబురు. అందరూ ఆ పాట గురించే మాట్లాడుకున్నారు. అదే ఏడు ఆగస్టులో 69వ జాతీయ చలనచిత్ర పురస్కారాలు ప్రకటించారు. అందులో కూడా ‘ఆర్.ఆర్.ఆర్.’ సంగీతానికి కీరవాణికి పురస్కారం వచ్చింది. అయితే అది నేపథ్య సంగీతానికి. పాటల పురస్కారం ‘పుష్ప’కి గాను దేవిశ్రీ ప్రసాద్ అందుకున్నారు. ఈ సంగతి చెబితే ఇప్పటికీ చాలామంది నమ్మరు. లోకమంతా ఒక్క పాటకి చప్పట్లు కొట్టిన సినిమాలో, మన జ్యూరీ ఆ పాట చుట్టూ ఉన్న మిగతా సంగీతాన్ని విని పట్టం కట్టింది. పాటల్ని, నేపథ్య సంగీతాన్ని వేరువేరుగా తూచడం మన జాతీయ పురస్కారాల్లో 2009 నాటి సినిమాలతో స్థిరపడింది. ఆ ఏడాది నేపథ్య సంగీతానికి ‘పళశ్శి రాజా’ అనే మలయాళ చిత్రానికి గాను ఇళయరాజాకి ఇచ్చారు. ప్రభుత్వమే ఇలా రెండుగా చూడడం మొదలుపెట్టాక ప్రేక్షకులుగా మనం ఇంకా ఒకటిగానే చూడడం బాగులేదు.

మా మల్కాపురం సంగతి కొంత చెప్పాలి. ఒక పక్క హిందుస్థాన్ షిప్‌యార్డు, ఒక పక్క రిఫైనరీ, ఇంకోపక్క నేవీ. ఓడల కర్మాగారానికి 1941లో శంకుస్థాపన చేసింది సింధియా కంపెనీ. ఆ కంపెనీ చేతులు మారి ఎన్నేళ్ళయినా జంక్షన్‌కి సింధియా పేరే మిగిలింది. స్వతంత్ర భారతంలో కట్టిన తొలి పెద్ద ఓడ ‘జల ఉష’ని 1948 మార్చిలో నెహ్రూ నీళ్ళలోకి దింపింది ఇక్కడే. మా ఇంట్లో గడియారం ఉన్నా, అమ్మ పని నడిచింది మాత్రం యార్డు సైరన్ మీదే. “సైరన్ కొట్టీసాడు, నాన్న వచ్చీసరికి అన్నం వార్చీయాల” అనేది. రిఫైనరీ గొట్టాల్లోంచి వచ్చే ఈల రాత్రింబవళ్ళు ఉండేది. అది వినిపించడం మానేసిందంటే అలవాటై పోయిందని అర్థం. చుట్టాలొచ్చి “ఇదేం మోతర్రా” అన్నప్పుడే మళ్ళీ వినిపించేది. హార్బరు కాలువలోకి వచ్చే ఓడ కూత పగలు దూరంగానూ రాత్రి పెరట్లోంచి వచ్చినట్టుగానూ ఉండేది. రాత్రిపూట నేల దగ్గరి గాలి చల్లబడి, పైన వెచ్చగా ఉంటే, పైకి పోవలసిన శబ్దం కిందికి వంగి దూరాలకి పాకుతుందని తర్వాత ఫిజిక్సు మాస్టారు చెప్పారు. కారణం తెలియక ముందే చెవికి తేడా తెలిసింది.

కొండవాలు మీదకి ఎక్కితే యార్డులో కడుతున్న ఓడ పైభాగం కనిపించేది, దాని మీద పనిచేసే మనుషులు కనిపించేవారు. ఒకాయన సుత్తితో ఇనప రేకుని బాదుతున్నాడు. సుత్తి దిగడం కనిపించింది, మోత రాలేదు. మోత వచ్చేసరికి సుత్తి మళ్ళీ గాలిలో ఉంది. గాలిలో శబ్దం సెకనుకి సుమారు 340 మీటర్లే పోతుంది కాబట్టి అర కిలోమీటరు దాటి రావడానికి సెకనున్నర పడుతుంది. చిన్నప్పుడు ఈ లెక్క తెలియదు. చూసేదీ వినేదీ ఒకటి కావని, ఆ రెంటినీ కలిపేది నా బుర్రేనని మాత్రం అక్కడే తెలిసింది. సినిమా సంగీతం మీద ఆ తర్వాత నేను చదివినదంతా ఆ మాట చుట్టూనే తిరిగింది. తెర మీద సెకనుకి 24 ఫ్రేములు పరిగెడతాయి. దెబ్బ పడ్డ ఫ్రేము దగ్గరే వాద్యం మోగాలా, రెండు ఫ్రేముల ముందా, అర సెకను తర్వాతా? కొట్టిన చోటే డ్రమ్ము మోగిస్తే దెబ్బ వినిపిస్తుంది. ఒక క్షణం ఆగి తీగవాద్యం పలికిస్తే దెబ్బతిన్నవాడి మనసు వినిపిస్తుంది. ఆర్.ఆర్.లో నేర్పంతా ఆ ఎడం ఎంతో తెలుసుకోవడంలో ఉంది.

ఫిల్ము రోజుల్లో ఈ పని ఎలా జరిగేదో ఇప్పటివాళ్ళకి చెప్పాలి. వెయ్యి అడుగుల రీలు సుమారు 11 నిమిషాలు నడుస్తుంది. మద్రాసులో రీ-రికార్డింగ్ థియేటర్లో తెర మీద రీలు వేస్తారు. ఎడిటింగ్ అయిపోయింది, డబ్బింగ్ అయిపోయింది, రిలీజు తేదీ పోస్టర్ల మీద పడిపోయింది. ఆలస్యమంతా వెనక జరిగింది, మిగిలిన నాలుగు రోజులూ సంగీత దర్శకుడివి. అతను రీలు చూసి ఎక్కడ మొదలై ఎక్కడ ఆగాలో సెకన్లలో రాసుకుంటాడు, స్వరాలు రాస్తాడు, సహాయకులు ఒక్కో వాద్యానికీ ఒక్కో కాగితం తీసి ఇస్తారు. వయొలిన్లు ఒక పక్క, తబలా, ఢోలక్ ఇంకో పక్క. కండక్టరు ఒక కన్ను తెర మీద, ఒక కన్ను కాగితం మీద పెట్టి చెయ్యి ఊపుతాడు. చివరి వరసలో ఒకరు తప్పు వాయిస్తే రీలు వెనక్కి తిప్పి అందరూ మళ్ళీ మొదటి నుంచి వాయించాలి. హార్మోనియం ముట్టుకోకుండా, రీలు చూసి నేరుగా కాగితం మీద స్వరాలు రాసేస్తారని ఇళయరాజా గురించి ఆయనతో పనిచేసినవాళ్ళు ఈనాటికీ చెప్పుకుంటారు. ‘సాగర సంగమం’, ‘రుద్రవీణ’ చిత్రాలకి ఆయనకి జాతీయ పురస్కారాలు వచ్చాయి. రెండూ తెలుగు సినిమాలే.

‘సాగర సంగమం’లో ఒక ఘట్టం ఉంది. నృత్యోత్సవం ఆహ్వాన పుస్తకం బాలు చేతిలో పెడుతుంది మాధవి. అతను పేజీలు తిప్పుతూ మహామహుల ఫొటోలు చూసుకుంటూ పోయి, ఒక పేజీలో తన ఫొటో చూస్తాడు. వీలైతే ఆ ఘట్టాన్ని ఒకసారి టీవీలో శబ్దం పూర్తిగా తగ్గించి చూడండి, వెంటనే శబ్దం పెట్టి ఇంకోసారి చూడండి. మొదటిసారి కమల్ హాసన్ ముఖం కనిపిస్తుంది. రెండోసారి ఆ పేజీ కోసం ఆ మనిషి ఎన్నేళ్ళు కాచుకున్నాడో వినిపిస్తుంది. నటుడు చేసినదాన్ని సంగీతం మళ్ళీ చెప్పలేదు. నటుడు చెయ్యలేనిది చెప్పింది. నేపథ్య సంగీతం మంచిదో కాదో తేల్చుకోవడానికి నాకు ఇంతకంటే మంచి పరీక్ష తెలియదు. శబ్దం తీసేస్తే కథలో ఏమీ తగ్గకపోతే ఆ సంగీతం ఉత్త మోత.

ఈ పని చేసినవాళ్ళు ఎక్కడి నుంచో ఊడిపడలేదు. మా చుట్టుపక్కల నుంచే వెళ్ళారు. సాలూరు దగ్గర శివరామపురంలో 1922లో పుట్టిన సాలూరి రాజేశ్వరరావు 1935లో ‘శ్రీకృష్ణ లీలలు’లో బాలకృష్ణుడిగా తెర మీదకి వచ్చారు. కలకత్తాలో ఉత్తరాది సంగీతం దగ్గరగా విన్నారు. 1948 నాటి ‘చంద్రలేఖ’లో ఆ పెద్ద డోళ్ళ నాట్యం చూశాక ఆయన పేరు దేశమంతా తెలిసింది. మూడేళ్ళకి ‘మల్లీశ్వరి’ వచ్చింది. ఆ చిత్రానికి ఆయనతో పాటు అద్దేపల్లి రామారావు కూడా పనిచేశారు. ఆ పేరు తలుచుకునేవాళ్ళు ఇప్పుడెంతమంది? పార్వతీపురం దగ్గర గుణానుపురం నుంచి చెళ్ళపిళ్ళ సత్యం వెళ్ళారు. కృష్ణా జిల్లా చౌటపల్లి నుంచి ఘంటసాల చదువుకోడానికి మా వైపుకే వచ్చారు. 1919లో మొదలైన విజయనగరం సంగీత కళాశాలకి ఆదిభట్ల నారాయణదాసు తొలి ప్రిన్సిపాలు. ద్వారం వెంకటస్వామి నాయుడు ఫిడేలు నేర్పిన చోటు అది. ఆ ఊళ్ళో మాధుకరం చేసుకుని పొట్ట నింపుకుంటూ, పట్రాయని సీతారామశాస్త్రి గారి దగ్గర ఘంటసాల పాఠం నేర్చుకున్నారు.

సాలూరి, ఘంటసాల ‘మాయాబజార్’ దగ్గర కలుస్తారు. ఆ సినిమాకి మొదట సంగీతం ఒప్పుకున్నది రాజేశ్వరరావు. నాలుగు పాటలకి బాణీలు కట్టి ఆయన తప్పుకున్నారు. ఆ బాణీలకి వాద్యాలు సమకూర్చి, రికార్డు చేసి, మిగతా పాటలు కట్టి, సినిమా మొత్తానికీ సంగీతాన్ని నడిపింది ఘంటసాల. 1957 నుంచి ఇప్పటి దాకా ఆ సినిమా చూసిన ఎవరికీ అతుకు కనిపించలేదు. ఇంకొకరి బాణీని తన చేతిలోకి తీసుకుని, దాని మీద తన ముద్ర కొట్టాలని చూడకుండా కథకి ఏం కావాలో అది చెయ్యడం చిన్న విద్య కాదు. గాయకుడిగా ఘంటసాల గొప్పదనం అందరం చెప్పుకుంటాం. ఈ వినయాన్ని ఆయన సంగీత దర్శకత్వంలో నేను అంతకంటే గొప్పగా చూస్తాను.

ఈ వృత్తిలో ఎదగడానికి మెట్లు ఉన్నాయి. కె.వి. మహదేవన్ వెనక పుహళేంది ఉన్నారు. స్వరాలు రాసి, వాద్యబృందాన్ని నడిపి, ‘మామ’ మహదేవన్ మనసులో ఉన్నదాన్ని మైకు దాకా చేర్చింది ఆయనే. చక్రవర్తి దగ్గర రాజ్-కోటి పనిచేశారు. కోటి సాలూరి వారి అబ్బాయి, రాజ్ టి.వి. రాజు గారి అబ్బాయి. కీరవాణి కూడా చక్రవర్తి దగ్గర సహాయకుడిగా ఉన్నవారే. 1990లో ‘మనసు మమత’తో సంగీత దర్శకుడిగా జనం ముందుకి రావడానికి వెనక అన్నేళ్ళ చాకిరీ ఉంది. రాజ్-కోటి దగ్గర కీబోర్డు ప్రోగ్రామింగ్ చేసిన కుర్రాడు తర్వాత ఎ.ఆర్. రహమాన్ అయ్యాడు. మణిశర్మ ఎందరి దగ్గరో కీబోర్డు వాయించి, 1992లో రామ్‌గోపాల్ వర్మ ‘రాత్రి’కి నేపథ్య సంగీతం చేశారు. జనం ఆయన పాటలు పాడుకోడానికి ఇంకా కొన్నేళ్ళు పట్టింది. 2017లో ‘అర్జున్ రెడ్డి’ పాటలు రధన్ చేస్తే నేపథ్య సంగీతం హర్షవర్ధన్ రామేశ్వర్ చేశారు. ఆయనకే ‘యానిమల్’ నేపథ్య సంగీతానికి 71వ జాతీయ పురస్కారం వచ్చింది. పేర్లు ఇన్ని ఎందుకు చెబుతున్నానంటే, వీళ్ళలో ఎవరూ ముందు పేరు సంపాదించి తర్వాత పని నేర్చుకోలేదు. ఇంకొకరి గదిలో, ఇంకొకరి సినిమాకి, తన పేరు టైటిల్స్‌లో పడుతుందో లేదో తెలియకుండా కూర్చుని విన్నారు. ఆ గదే వాళ్ళకి బడి.

మా వీధిలో ఒక కుర్రాడున్నాడు. పెళ్ళి ఆర్కెస్ట్రాల్లో కీబోర్డు వాయిస్తాడు. సినిమాల్లోకి వెళ్ళాలని కోరిక. “చిన్నాన్నా, కొత్త కీబోర్డు కొందామనుకుంటున్నా, ఏది కొనమంటావు?” అని అడిగాడు. “కొందువుగానిలే, ముందు ఆదివారం నాతో రా” అన్నాను. కొండవాలు మీద కూర్చుని, ఏమేం వినిపిస్తున్నాయో చెప్పమన్నాను. ఓడ కూత, గూడ్సు డబ్బాలు ఒకదానికొకటి తగిలే చప్పుడు, కింద బడిలో మైకు, నేవీ విమాన స్థావరం దేగా వైపు దిగుతున్న హెలికాప్టరు, ఎవరింట్లోనో కుక్కరు విజిలు, ఇలా వరసగా చెప్పుకొచ్చాడు. చెవి మంచిది. “ఇప్పుడు ఫోన్లో రికార్డు చెయ్యి” అన్నాను. చేశాడు. తిరిగి పెట్టి వింటే గాలి మైకుకి కొట్టుకునే బరబర తప్ప ఏదీ తేలలేదు. వాడి మొహం వాడిపోయింది. “ఇదేటి చిన్నాన్నా, ఇన్ని వినిపించాయి కదా?”

వినిపించాయి, ఎందుకంటే వాడి చెవి వాటిని ఏరుకుంది. మైకుకి ఏరుకోవడం రాదు. గాలీ ఓడ కూతా దానికి సమానం. మనిషి చెవి మాత్రం తనకి కావలసినదాన్ని ముందుకి లాగి, మిగతావాటిని వెనక్కి నెడుతుంది. తెర ముందు కూర్చున్న వెయ్యిమంది తరఫున ఆ ఏరే పని చేసేవాడే సంగీత దర్శకుడు, అతని పక్కన కూర్చునే సౌండ్ డిజైనరు, మిక్సింగ్ ఇంజనీరు. ఇప్పుడు డాల్బీ అట్మాస్‌లో 128 దాకా ధ్వనుల్ని 64 దాకా స్పీకర్లలో ఎక్కడ కావాలంటే అక్కడ పెట్టవచ్చు. సాధనం అంత పెద్దదయ్యాక ఏది పెట్టకూడదో తెలిసినవాడి విలువ ఇంకా పెరిగింది. ఆ మాట వాడికి చెప్పాను. విన్నాడు. ఆ తర్వాత గాలి తగలకుండా మైకు మీద గుడ్డ కప్పి, గోడ చాటున కూర్చుని, ఒక్క ఓడ కూతని శుభ్రంగా పట్టుకొచ్చాడు. వాడు ఇప్పటిదాకా వాయించిన పాటలన్నింటికంటే ఆ కూత రికార్డు చేయడంలో నాకు వాడి భవిష్యత్తు ఎక్కువ కనిపించింది.

మౌనం గురించి విశాఖ మనిషికి వేరే చెప్పక్కర్లేదు. 1971 డిసెంబరు 3 అర్ధరాత్రి దాటాక పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మా తీరానికి దగ్గర్లోనే మునిగిపోయింది. ఆ పేలుడికి కిటికీ అద్దాలు అదిరాయని మా పెద్దవాళ్ళు చెప్పుకునేవారు. ఆ కథ మీద సంకల్ప్ రెడ్డి 2017లో తీసిన ‘ఘాజీ’కి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం వచ్చింది. దానికి సంగీతం చేసింది ‘కె’ అనే సంగీత దర్శకుడు. జలాంతర్గామికి కిటికీలు ఉండవు. లోపలివాడికి బయటి ప్రపంచమంతా చెవిలోంచే తెలియాలి. నీళ్ళలో శబ్దం సెకనుకి సుమారు 1,500 మీటర్లు పోతుంది, అంటే గాలిలో కంటే నాలుగు రెట్లకి పైనే. స్పానరు కింద పడినా శత్రువుకి వినిపిస్తుంది. అలాంటి కథలో ఎప్పుడు వాద్యాలన్నీ ఆపేసి మనుషుల్ని ఊపిరి బిగపట్టనివ్వాలో తెలియడమే సంగీతం. ఇప్పుడు వచ్చే చాలా సినిమాల్లో నాకు వెలితిగా అనిపించేది ఇదే. మొదటి షాటు నుంచి చివరి దాకా డ్రమ్ములు ఆగవు. హీరో నడిస్తే మోత, ఆగితే మోత, చూస్తే మోత. ప్రేక్షకుడికి ఊపు వస్తుంది, నిజమే. కాని అంతా గట్టిగా ఉంటే ఏదీ గట్టిగా ఉన్నట్టు కాదు. ఒక్క సన్నివేశంలో సంగీతం ఆపే ధైర్యం చెయ్యాలంటే దర్శకుడికి తన కథ మీద, సంగీత దర్శకుడికి తన చెవి మీద నమ్మకం ఉండాలి.

మా పనివాళ్ళ చప్పుళ్ళని పాటలోకి తెచ్చినవాడు మాకు ఒకడున్నాడు. వంగపండు ప్రసాదరావు. పార్వతీపురం దగ్గర పెదబొండపల్లి ఆయన ఊరు. హిందుస్థాన్ షిప్‌యార్డులో పనిచేశారు. కాలి గజ్జెతో, మా ఉత్తరాంధ్ర యాసతో, యంత్రం నడిచే తీరు మీద ఆయన కట్టిన పాట విన్నవాళ్ళకి మరిచిపోవడం సాధ్యం కాదు. యంత్రం ఒక లయలో తిరుగుతుంది, ఆ లయలో మనిషి అరిగిపోతాడు. ఆ రెండూ ఒకేసారి వినిపించేలా కట్టడానికి ఆయనకి స్టూడియో అక్కర్లేకపోయింది, యార్డు చాలింది. ఆయన పాటలు సినిమాల్లోకీ వెళ్ళాయి. 2020 ఆగస్టులో కన్నుమూశారు. తెలుగు సినిమా ఆయన దగ్గర్నుంచి పాటలు తీసుకుంది గాని ఆయన విన్న తీరుని తీసుకోలేదు. తప్పెటగుళ్ళు, జముకు ఇప్పటికీ మనకి జాతర పాట వచ్చినప్పుడే గుర్తొస్తాయి. ఒక తల్లి ఒంటరిగా వంటగదిలో కూర్చున్న సన్నివేశానికి ఒక్క జముకు తీగ ఎలా ఉంటుందో వినాలని నాకు ఎన్నాళ్ళ నుంచో కోరిక.

విశాఖని సినిమావాళ్ళు చూసినంతగా వినలేదు. 1978లో బాలచందర్ ‘మరోచరిత్ర’ తీసినప్పటి నుంచి ఈ సముద్రం ఎన్ని వందలసార్లు తెర మీదకి వచ్చిందో. భీమిలి రోడ్డు, కైలాసగిరి, బీచ్ అందరికీ తెలుసు. కాని ఈ ఊరి చప్పుడు ఎలా ఉంటుందో సినిమా చూసి ఎవరూ చెప్పలేరు. ఏ తీరానికైనా అతికే అలల శబ్దం ఎక్కడో రికార్డు అయినది తెచ్చి వేస్తారు. మా అలలకి వెనక ఓడ కూత ఉంటుంది, ఖనిజం మోసే రైళ్ళ ఇనప చప్పుడు ఉంటుంది, నేవీ బ్యాండు సాధన ఉంటుంది. ఉక్కునగరంలో, గాజువాకలో, శ్రీహరిపురంలో షిఫ్టులు మారేవేళ వేలమంది నడిచే చప్పుడు ఉంటుంది. కథ విశాఖలో జరుగుతుందని టైటిల్ కార్డు వేసి, చెవికి మాత్రం ఎక్కడిదీ కాని ఊరుని వినిపిస్తే సగం ఊరే చూపించినట్టు.

ఈ దారిలోకి వచ్చేవాళ్ళు బతుకుతెరువు సంగతి కూడా తెలుసుకుని రావాలి. ఒకప్పుడు సినిమా ఒప్పుకున్న రోజున ఇచ్చిన డబ్బుతో స్వరకర్తకి ఆ సంగీతంతో లెక్క తెగిపోయేది. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించారు. సినిమా హాల్లో ప్రదర్శనకి తప్ప మిగతా చోట్ల ఆ సంగీతాన్ని వాడినందుకు వచ్చే రాయల్టీలో స్వరకర్తకీ పాట రాసినవారికీ హక్కులు తీసుకున్నవారితో సమానంగా వాటా ఉంది. ఆ హక్కుని వేరేవాళ్ళకి రాసిచ్చేశానని సంతకం పెట్టినా చెల్లదు. కొత్తగా వచ్చే పిల్లలు ఒప్పందం మీద సంతకం పెట్టేముందు ఇది గుర్తుపెట్టుకోవాలి. ల్యాప్‌టాప్ వచ్చాక మల్కాపురం గదిలో కూర్చుని హైదరాబాదు సినిమాకి ఆర్.ఆర్. చేసే వీలు వచ్చింది. అది మంచిదే. అయితే అదే ల్యాప్‌టాప్‌లో అందరికీ దొరికే రెడీమేడ్ శబ్దాలే నీకూ దొరుకుతాయి. ఎడిటరు ముందే ఏదో ఇంగ్లీషు సినిమా సంగీతం పెట్టి చూపించి ‘ఇలాగే కావాలి’ అంటాడు. అక్కడ లొంగిపోతే పని దొరుకుతుంది, పేరు దొరకదు. నీ దగ్గర మాత్రమే ఉండేది నీ చెవి విన్న ఊరు.

అందుకే ఈ రాత చదివిన మల్కాపురం, గాజువాక, పెదగంట్యాడ పిల్లలకి నా విన్నపం ఇది. సంగీతం నేర్చుకోండి, స్వరం రాయడం నేర్చుకోండి, సాలూరినీ ఘంటసాలనీ ఇళయరాజానీ శ్రద్ధగా వినండి. దాంతో పాటు మీ ఊరి చప్పుళ్ళని రికార్డు చేసి, తేదీ, చోటు రాసి దాచండి. యార్డులో ఒకనాడు రివెట్లు కొట్టిన మోత ఇప్పుడు లేదు, వెల్డింగ్ వచ్చి దాన్ని తీసేసింది. ఎవరూ దాచలేదు కాబట్టి మా నాన్న తరం విన్నది మీరెవరూ వినలేరు. ఇప్పుడున్నవి కూడా రేపుండవు. ఆంధ్ర విశ్వకళాపరిషత్తు గాని, మన గ్రంథాలయాలు గాని పుస్తకాలు దాచినట్టే శబ్దాలని కూడా దాచే పని చేపడితే రాబోయే స్వరకర్తలకి అంతకంటే పెద్ద సాయం ఉండదు. ప్రేక్షకులు చెయ్యవలసింది చిన్న పని. ఈసారి సినిమా చూసొచ్చాక, పాటలు కాకుండా మిగతా రెండు గంటల్లో ఏం విన్నామో ఒకరితో ఒకరు మాట్లాడుకోండి. అది చేసినవాడి పేరు తెలుసుకోండి.